విజయావారి వెన్నెల వెనుక మనిషి – మార్కస్ బార్ట్లే

కామాటిపుర గల్లీలలో పెరిగిన మా ఈడువాళ్ళకు గణపతి పండుగ అనగానే ప్రసాదం కంటే ముందు తెల్లగుడ్డ గుర్తుకొస్తుంది. ఈ చాల్ గ్యాలరీ నుంచి ఎదుటి చాల్ గ్యాలరీకి తాళ్ళతో లాగి కట్టిన గుడ్డ. గాలికి ఊగకుండా కింది అంచుకు ఇటుకలు వేలాడదీసేవారు. ఇంటింటికీ తిరిగి వర్గణీ పోగుచేసి, అద్దెకు తెచ్చిన 16 ఎం.ఎం. ప్రొజెక్టరు మీద రాత్రి భోజనాలయ్యాక తెలుగు సినిమా వేసేవారు. గుడ్డకు ముందు చాప పరుచుకునే చోటు సాయంత్రం ఆరింటికే నిండిపోయేది. ఆలస్యంగా వచ్చినవాళ్ళకు గుడ్డ వెనుకే గతి. వెనుక నుంచి చూసినా బొమ్మ కనబడుతుంది. కాకపోతే కుడి ఎడమ అవుతుంది. రామారావు గారు ఎడమ చేత్తో కత్తి తిప్పుతారు, సావిత్రి గారు పమిట కుడి భుజం మీద వేసుకుంటారు. పేర్లన్నీ తిరగబడి పడతాయి.

మేము ఎక్కువగా వెనుకే కూర్చున్నాం. నాయన మిల్లులో సెకండ్ షిఫ్టు దిగి వచ్చేవరకు అవ్వ గుమ్మం దాటనిచ్చేది కాదు. మునిసిపాలిటీ తెలుగు బడిలో నేర్చిన అక్షరాలతో ఆ తిరగబడ్డ పేర్లను ఎవరు ముందు చదువుతారా అని పిల్లలం పందెం వేసుకునేవాళ్ళం. అన్నీ మనవాళ్ళ పేర్లే. నడుమ ఒక్క పేరు మాత్రం ఎటు నుంచి చదివినా మనది కానట్టు ఉండేది. ఛాయాగ్రహణం, మార్కస్ బార్ట్లే. ఎవరో ఇంగ్లండు దొర మిషను తెచ్చి తిప్పి ఉంటాడని అనుకున్నాం. అంతకు మించి ఆలోచించలేదు. బొమ్మ మొదలయ్యేది.

ఇన్నేళ్ళకు ఆ పేరు మళ్ళీ మా ముందుకు వచ్చింది. పోయిన నెల కార్యవర్గ సమావేశంలో, ఈసారి వార్షికోత్సవానికి ‘మాయాబజార్’ వేద్దామని తీర్మానం జరిగింది. అక్కడి నుంచి గొడవ మొదలయింది. 2010లో రంగులు అద్ది విడుదల చేసిన ప్రతి వేయాలని కుర్రవాళ్ళు, నలుపు తెలుపుదే వేయాలని మేము. మాట మీద మాట పెరిగి, కెమెరా ఎవరు పడితే ఏముంది, చూసేది రామారావునూ రంగారావునూ కదా అని ఒక అబ్బాయి అడిగాడు. తప్పుగా అడగలేదు, మర్యాదగానే అడిగాడు. ముప్పై ఏడేళ్ళు క్లర్కు ఉద్యోగం చేసి ఫైళ్ళ మీద రిమార్కులు రాసిన మాకు ఆ ప్రశ్నకు నాలుగు వాక్యాల జవాబు చెప్పడం చేతకాలేదు. సమావేశం వాయిదా పడింది. చెప్పలేకపోయినది ఇక్కడ రాస్తున్నాం.

బార్ట్లే గారు దొర కాదు. 1917లో పుట్టిన ఆంగ్లో ఇండియన్. చిన్నతనంలోనే బాక్సు కెమెరా చేతికి వచ్చింది. ఇరవై ఏళ్ళు నిండకముందే ‘టైమ్స్ ఆఫ్ ఇండియా’కు ఫోటోలు తీసే పనిలో చేరారు. ఆ రోజుల్లో ఆ పత్రిక అచ్చయ్యేది మన బొంబాయిలోనే, బోరీబందర్ స్టేషన్ ఎదుటి భవనంలో. కామాటిపుర నుంచి నడిచిపోతే ముప్పావుగంట దూరం. ఆయన తీసిన బొమ్మ అచ్చయిన కాగితంలో ఈ గల్లీల దుకాణాలవాళ్ళు శనగలు పొట్లం కట్టే ఉంటారు. తరువాత బ్రిటిష్ మూవీటోన్ వారి న్యూస్‌రీళ్ళకు పనిచేశారు. న్యూస్‌రీలు అంటే నేటి టీవీ వార్తల వంటిది, సినిమాకు ముందు హాల్లో వేసేవారు. ఆ పనిలో రెండో అవకాశం ఉండదు. ఊరేగింపు మళ్ళీ నడవదు, ఓడ మళ్ళీ రేవు విడవదు. ఉన్న వెలుతురులో, ఉన్న క్షణంలో పట్టాలి. ఎండ ఎక్కడి నుంచి పడుతోంది, ముఖం మీద నీడ ఎటు పోతోంది అన్నది చూడగానే తెలియాలి. స్టూడియోకు వెళ్ళకముందే ఆయన కన్నుకు ఆ సాధన అయిపోయింది.

తెలుగువారికి ఆయన పేరు తెలిసింది బి.ఎన్. రెడ్డి గారి ‘స్వర్గసీమ’తో, 1945లో. నాగయ్య, భానుమతి నటించిన వాహినీవారి చిత్రం. ఆ తరువాత కె.వి. రెడ్డి గారి ‘గుణసుందరి కథ’. నాగిరెడ్డి, చక్రపాణి గార్లు విజయా సంస్థ పెట్టి 1950లో ‘షావుకారు’ తీసినప్పుడు కెమెరా ఆయనదే. అప్పటి నుంచి పన్నెండేళ్ళు విజయావారి సినిమా అంటే బార్ట్లే గారి వెలుగు నీడలే. పాతాళ భైరవి, పెళ్ళిచేసి చూడు, చంద్రహారం, మిస్సమ్మ, మాయాబజార్, అప్పుచేసి పప్పుకూడు, జగదేకవీరుని కథ, గుండమ్మ కథ. ఈ పేర్లు చదువుతుంటేనే ఇంట్లో పెద్దవాళ్ళు ఏదో ఒక పాట అందుకుంటారు. అదే నాగిరెడ్డి, చక్రపాణి గార్ల ‘చందమామ’ పత్రిక మా చాల్‌లో ఒక్క ఇంటికి వచ్చేది, పదిహేను ఇళ్ళు తిరిగేది. అట్ట చిరిగి మా చేతికి వచ్చేసరికి మరుసటి నెల సంచిక వచ్చేసేది. అందులోని రాజులు, కోటలు, మాంత్రికులు మాకు కొత్త కాదు. అవే గుడ్డ మీద కదిలేవి.

1952 జనవరిలో మన దేశపు మొట్టమొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం మొదలైంది ఈ బొంబాయిలోనే. ఇటలీవారి ‘బైసికిల్ థీవ్స్’ చూసి ఇక్కడి హిందీ దర్శకులు నిద్రపోలేదంటారు. ఆ ఉత్సవంలో దక్షిణాది నుంచి ప్రదర్శించిన చిత్రం మన ‘పాతాళ భైరవి’. తోటరాముడు, నేపాళ మాంత్రికుడు బొంబాయికి వచ్చి పెద్దమనుషుల మధ్య కూర్చున్నారన్నమాట. అదే ఏడు హిందీలో కూడా వచ్చింది. ఆ గుహలో వెలుగు ఎక్కడి నుంచి వస్తున్నదో గమనించండి. కాగడా ఉన్న వైపు నుంచే వస్తుంది. రంగారావు గారి గడ్డం కింద నుంచి వెలుగు కొట్టి, కళ్ళ గుంటలు నల్లగా వదిలేశారు. చిన్నప్పుడు మేము భయపడింది ఆ నల్లటి గుంటలకే. మాంత్రికుడి మాటలు మాకు సగం అర్థమయ్యేవి కావు.

ఇక వెన్నెల సంగతి. తెలుగువాళ్ళు విజయావారి వెన్నెల అంటారు. మంచి వెన్నెల రాత్రి ఊళ్ళో ఆరుబయట పడుకుంటే, ఇది విజయావారి వెన్నెలలా ఉంది అనేవారు. దేవుడు చేసినదానికి మనిషి చేసినదానితో పోలిక! ఆ మనిషి బార్ట్లే గారు.

ఇది ఎట్లా చేస్తారో మాకు మొదట చెప్పింది మా చాల్ మూడో అంతస్తు బాబాయి. ఆయన మహాలక్ష్మి వైపు ఒక స్టూడియోలో లైట్లు మోసే పనిచేసేవాడు. కాలిన మచ్చలు చేతుల నిండా ఉండేవి. బీడీ ముట్టించుకుని ఆయన చెప్పినదాంట్లో మాకు అర్థమైనది ఇది. ఆనాటి ఫిలిముకు వెన్నెల చాలదు. నిజం చంద్రుడి కింద కెమెరా పెడితే పడేది చీకటే. కాబట్టి వెన్నెలను దీపాలతో చెయ్యాలి. ఎక్కువమంది చేసేది ఏమిటంటే, పట్టపగలు తీసి అద్దం అడ్డం పెట్టి నల్లబరచడం. అప్పుడు ఆకాశం నల్లబడుతుంది, దానితోపాటు ముఖాలూ మసి పూసినట్టు అవుతాయి. నీడలు మాత్రం మిట్టమధ్యాహ్నం నీడల్లాగే కురచగా కాళ్ళ కింద ఉండిపోతాయి. చూసేవాడికి ఎక్కడో అబద్ధం తెలిసిపోతుంది.

బార్ట్లే గారి పద్ధతి వేరు. పెద్ద దీపాన్ని మనిషి వెనుక, ఎత్తున పెడతారు. అది జుట్టు అంచున, భుజం అంచున, పడవ అంచున వెండిగీత గీస్తుంది. చంద్రుడు అక్కడున్నాడని మన కన్ను నమ్మేది ఆ గీతను చూసే. ముందు వైపు ముఖం మీద మెత్తటి వెలుగు, చాలా కొద్దిగా, గుడ్డ అడ్డం కట్టి వడగట్టినట్టు. అది ఎక్కువైతే పగలు, తక్కువైతే మసి. ఆ కొలత ఏ పుస్తకంలోనూ ఉండదు. ఆ రెంటి నడుమ నలుపు అచ్చమైన నలుపుగా ఉండాలి. నల్లదనం గట్టిగా ఉంటేనే తెల్లదనం వెన్నెల అవుతుంది, లేకపోతే బూడిద అవుతుంది. కాకాసాని సినిమాల్లో బూడిద చూస్తాం మనం, వెన్నెల కాదు.

‘మాయాబజార్’లో పడవపాట ఈ విద్యకంతటికీ నిలువుటద్దం. మద్రాసు దగ్గర ఎన్నూరులో నీళ్ళ మీద కొంత తీశారు. మిగతాదంతా స్టూడియో కప్పు కింద చేశారు. నీళ్ళు, చెట్లు, ఆకాశం అన్నీ కల్పించినవే. బయట తీసిన ముక్క పక్కన లోపల తీసిన ముక్క అతికితే అతుకు కనబడకూడదు. నీటి మీద తళుకు రెంటిలోనూ ఒకటిగా మెరవాలి. మేము ఈ వయసులో, కళ్ళకు కాటరాక్టు ఆపరేషన్ అయ్యాక, మనవడి ఫోనులో ఆపి ఆపి చూశాం. ఏది బయటో ఏది లోపలో పట్టుకుందామని పంతం పట్టాం. రెండుచోట్ల పట్టుకున్నామనుకుని, మూడోసారి చూస్తే వాటిలోనూ అనుమానం వచ్చింది. మానేశాం.

ఒక మాట చెప్పాలి. మా గల్లీకి వెన్నెల లేదు. చాల్‌కూ చాల్‌కూ నడుమ ఉన్న సందులో చంద్రుడు కనబడేది నెలలో నాలుగు రాత్రులు, అదీ కొద్దిసేపు. కిందికి వచ్చేసరికి వీధిదీపం పసుపులో కలిసిపోయేది. అవ్వ పాలమూరు పల్లె నుంచి పదిహేనేళ్ళ వయసులో కోడలిగా వచ్చింది. ఆమె సినిమాలో కథ కన్నా ఆ పడవపాట కోసమే కూర్చునేది. అది అయిపోతే లేచి వెళ్ళి పడుకునేది. శశిరేఖ పెళ్ళి ఎవరితో అయిందో ఆమెకు చాలా ఏళ్ళు పట్టింపు లేదు. ఊరి చెరువు అట్లాగే ఉంటుందని మాకు చెప్పేది. పెద్దయ్యాక మేము ఆ ఊరు వెళ్ళి చూశాం. చెరువు అంత అందంగా లేదు. అవ్వ అబద్ధం చెప్పిందనుకోలేదు మేము. బార్ట్లే గారి చెరువే ఆమె జ్ఞాపకంలో చేరిపోయింది.

అదే సినిమాలో గారడీలున్నాయి కదా. లడ్డూలు వాటంతట అవే లేచి ఘటోత్కచుడి నోట్లోకి పోతాయి. తివాచీ తనకు తాను చుట్టుకుంటుంది. ఘటోత్కచుడు శశిరేఖ అవుతాడు. కంప్యూటరు లేని 1957లో ఇవన్నీ కెమెరా లోపల జరగాలి. రూపం మారాలంటే కెమెరాను మేకులు కొట్టినట్టు బిగించి, ఒకరిని పక్కకు పంపి, ఇంకొకరిని సరిగ్గా అదే చోట నిలబెట్టి మళ్ళీ తిప్పాలి. దీపం వెంట్రుకవాసి కదిలినా తెర మీద బొమ్మ ఉలిక్కిపడుతుంది. కె.వి. రెడ్డి గారు స్టాప్‌వాచీ పెట్టి ప్రతి సన్నివేశం నిడివి ముందే లెక్కకట్టే మనిషి. ఆ మనిషితో పొసగాలంటే కెమెరామనిషికి కూడా అంత క్రమశిక్షణ ఉండాలి. గోఖలే, కళాధర్ గార్లు కట్టిన బొమ్మ ద్వారక నిజం ద్వారకలా కనబడిందంటే, ఆ చిన్న మేడల మీద పడ్డ వెలుగు కూడా పెద్ద మేడల మీద పడ్డట్టే ఉండబట్టి.

‘జగదేకవీరుని కథ’లో ఇంకా పెద్ద ఆట ఆడారు. ఒకే తెర మీద పాడే రామారావు, వీణ పట్టిన రామారావు, మృదంగం వాయించే రామారావు. ఇది చెయ్యాలంటే కటకం ముందు నల్ల అట్ట పెట్టి ఫిలిములో ఒక భాగం మాత్రం వెలుగు తగలనిచ్చి, ఫిలిమును వెనక్కి చుట్టి, అట్టను జరిపి, నటుడిని ఇంకో చోట కూర్చోబెట్టి మళ్ళీ తియ్యాలి. ఎంతమంది కావాలంటే అన్నిసార్లు. చివరిసారి తప్పు జరిగితే మొదటి నుంచి మళ్ళీ. ఆఫీసులో కార్బన్ కాగితాలు పెట్టి ఐదు ప్రతులు టైపు చేసినవాళ్ళకు ఈ బాధ తెలుస్తుంది. చివరి వరుసలో ఒక్క అక్షరం తప్పితే ఐదూ చెత్తబుట్టకే.

కాని మాకు బార్ట్లే గారు ఎక్కువగా నచ్చేది గారడీలు లేని చోట. ‘మిస్సమ్మ’ చూడండి. జమీందారు ఇల్లు, నడవా, మెట్లు, కిటికీ. ఆ ఇంటిలో ఏ గది నుంచి ఏ గదికి దారో సినిమా అయ్యేసరికి మనకు తెలిసిపోతుంది, మన బంధువుల ఇల్లు తెలిసినట్టు. భానుమతి గారితో కొంత తీశాక పడలేదు, సావిత్రి గారు వచ్చారు, మళ్ళీ తీశారు. పైగా తెలుగు, తమిళం రెండూ ఒకే కాలంలో. తెలుగులో రామారావు గారు, తమిళంలో జెమినీ గణేశన్ గారు. ముఖం మారితే దీపం మారుతుంది. రామారావు గారి ముఖం పెద్దది, వెలుగును పూర్తిగా తీసుకుంటుంది. సావిత్రి గారిది గుండ్రటి ముఖం. కోపం, అలక, లోపల నవ్వు మూడూ ఒకేసారి ఆడే ముఖం. ఆ ముఖాన్ని ఎప్పుడూ ఒక పక్క కొంచెం నీడలో ఉంచారు ఆయన. వెలుగు ఉన్న వైపు మిస్ మేరీ, నీడ ఉన్న వైపు ఆమె దాచుకున్నది. ఇది మా ఊహ కావచ్చు. ఒకసారి చూసి చెప్పండి.

‘గుండమ్మ కథ’లో రామారావు, నాగేశ్వరరావు, రంగారావు, సూర్యకాంతం, సావిత్రి, జమున, రమణారెడ్డి గార్లు అందరూ ఉన్నారు. అంతమంది ఉద్దండులు ఒకే ఇంట్లో తిరుగుతుంటే కెమెరా తన గొప్ప చూపించుకోవాలని పోలేదు. దూరం జరిగి అందరికీ చోటిచ్చింది. సూర్యకాంతం గారు ఈ చివర మాటంటే ఆ చివర ఉన్నవాడి ముఖం కూడా మనకు కనబడాలి, నవ్వు అక్కడే ఉంది. ఇంటి పెద్ద అందరికీ వడ్డించాక తాను కూర్చున్నట్టుంది ఆ పనితనం.

తరువాతివి తొందరగా చెప్పేస్తాం. 1965లో మలయాళంలో రాము కరియాత్ గారి ‘చెమ్మీన్’. రంగుల్లో సముద్రం. దక్షిణాదికి మొట్టమొదటిసారి రాష్ట్రపతి బంగారు పతకం తెచ్చింది ఆ చిత్రం. సంగీతం సలిల్ చౌధురీ, ఎడిటింగ్ హృషీకేశ్ ముఖర్జీ, ఇద్దరూ మన బొంబాయి మనుషులే. 1967లో ‘రామ్ ఔర్ శ్యామ్’. దీన్ని ఈ గల్లీలలో చూడనివాళ్ళు లేరు. నాగిరెడ్డి, చక్రపాణి గార్లు తీసిన హిందీ చిత్రం, దర్శకుడు మన తాపీ చాణక్య గారు, కథ మన ‘రాముడు భీముడు’. ఇద్దరు దిలీప్‌కుమార్‌లను ఒక తెర మీద కూర్చోబెట్టింది బార్ట్లే గారే. ఫాక్లండ్ రోడ్డు హాళ్ళలో ఈలలు వేసి చూసినవాళ్ళకు ఆ సంగతి తెలియదు. మాకూ తెలియదు, ఇది రాయడానికి వెతికేదాకా. 1969 నాటి తమిళ చిత్రం ‘శాంతి నిలయం’కు ఉత్తమ ఛాయాగ్రాహకుడిగా జాతీయ పురస్కారం వచ్చింది. ఆయనకు పేరు తెచ్చిన వెన్నెల నలుపు తెలుపుది, పురస్కారం తెచ్చింది రంగుల చిత్రం. 1993లో కన్నుమూశారు.

1982లో మిల్లుల సమ్మె మొదలయింది. వర్గణీ అడగడానికి ఇళ్ళకు వెళ్తే ఇచ్చేవాళ్ళ కన్నా ఏడ్చేవాళ్ళు ఎక్కువయ్యారు. ఆ ఏడు గణపతికి సినిమా లేదు. మరుసటి ఏడూ లేదు. తరువాత వీడియోలు వచ్చాయి, గుడ్డ అవసరం పోయింది. ఆ గుడ్డ మా ఇంట్లోనే చాలా రోజులు ఉండి, చివరకు చెల్లెలి పురిటికి చింపారు. ఇప్పుడు చాళ్ళు కూల్చి టవర్లు కడతామంటున్నారు. ఎదురెదురు గ్యాలరీలు ఉండవు, తాడు కట్టే చోటూ ఉండదు. నలభై అంతస్తుల మీద నుంచి చంద్రుడు మాత్రం బాగా కనబడతాడేమో.

ఈ ఊళ్ళో రాళ్ళు మోసి మేడలు లేపిన కామాటీలం మనం. ఏ మేడ మీదా మన తాతల పేర్లు లేవు, ఒక్క ఈ పేట మీద తప్ప. అందుకేనేమో, పేరు తిరగబడి పడ్డ ఆ కెమెరామనిషి మీద మాకు ఈ మధ్య అభిమానం ఎక్కువయింది. తెలుగువాడు కాదు. అయినా తెలుగువాళ్ళు కళ్ళు మూసుకుని వెన్నెల అనుకుంటే కనబడేది ఆయన పెట్టిన దీపమే.

రంగుల ప్రతి చేసినవాళ్ళ శ్రమను మేము తక్కువ చేయడం లేదు. ఆ ప్రతి వల్లనే ఎంతోమంది పిల్లలు హాలుకు వెళ్ళి ‘మాయాబజార్’ చూశారు. నగలకు, పట్టుచీరలకు రంగు బాగానే అమరింది. కాని పడవపాటలో నీలం పులిమాక వెండిగీత పలచబడిపోయింది. నలుపు నీలమయ్యేసరికి తెలుపుకు ఆనుకునే గోడ లేకుండా పోయింది. కుర్రవాళ్ళు దీన్ని ఒప్పుకోనక్కర్లేదు. రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే చాలు.

వాయిదా పడ్డ సమావేశం మొన్న ఆదివారం మళ్ళీ జరిగింది. రాజీ కుదిరింది. వార్షికోత్సవం నాడు మొదట రంగుల ప్రతిలోని పడవపాట ఒక్కటి వేస్తాం, వెంటనే నలుపు తెలుపు చిత్రం మొత్తం వేస్తాం. ప్రశ్న అడిగిన అబ్బాయే ప్రొజెక్టరు, స్పీకర్ల బాధ్యత తీసుకున్నాడు. కుర్చీలు నూరు మాత్రమే ఉన్నాయి, పెద్దలకు అవి. మిగతావాళ్ళు చాపలు తెచ్చుకోవాలి. తెలుగు చదవడం రాని పిల్లల కోసం టైటిల్సులోని పేర్లు ఒక్కొక్కటిగా మైకులో చదివి వినిపిస్తాం. ఆ మూడు నిమిషాలు దయచేసి మాట్లాడకండి, ఫలహారం పొట్లాలు అప్పుడు విప్పకండి.